విజ్మ కెమెరా చూసిన వైపు

మంచి సరుకు దొరికే చోటు వ్యాపారి ఎవరికీ చెప్పడు. లాత్వియాలో వ్యాపారుల సంగతి అలా ఉంచితే, పుట్టగొడుగులు ఏరుకునే ముసలమ్మ కూడా తన అడవి మూల ఎక్కడుందో సొంత చెల్లెలికి చెప్పదు. అడిగితే వేరే దారి చూపిస్తుంది. రీగా పెద్ద మార్కెట్లో చేపల కొట్టు నడిపే టాలిస్ కొట్టు తెరిచిన నాటి నుంచీ ఈ నియమం తప్పలేదు. తప్పింది ఒక్కసారే. వేయుపి ఊళ్ళో నేగి చేపలు పట్టే ఉగిస్ దగ్గరికి తన భార్య విజ్మను తనే వ్యానులో ఎక్కించుకుని తీసుకెళ్ళాడు.

నేగి అంటే పాములా జారిపోయే దవడ లేని చేప. చలి మొదలవగానే సముద్రం వదిలి ఏటికి ఎదురెక్కుతుంది. దాన్ని బొగ్గుల మీద కాల్చి, కారిన రసంతోనే గడ్డకట్టించి అమ్మితే రీగా జనం బేరం కూడా ఆడకుండా కొనుక్కుపోతారు. ఉగిస్ ఏటికి అడ్డంగా కర్రలతో దడి కడతాడు. దాని మధ్య ఖాళీల్లో బుట్టవలలు దించుతాడు. ఎండాకాలం చివర కట్టిన దడిని నడిచలికాలంలో మంచు పలకలు కొట్టుకు రాకముందే పీకేయాలి. మళ్ళీ ఏడాది మళ్ళీ కట్టాలి. ఆ ఏటి మీద అలాంటి దడి ఇప్పుడు అదొక్కటే. అందులో పడే నేగికి నీటి దెబ్బ తగలదు, ఒంటి మీద గీత ఉండదు. అందుకే టాలిస్ ఆ ఊరి పేరు మార్కెట్లో ఎవరి దగ్గరా ఎత్తేవాడు కాదు.

విజ్మ డాక్యుమెంటరీ సినిమాలు తీస్తుంది. ఏ స్టూడియోలోనూ జీతానికి లేదు. కెమెరా తనే పట్టుకుంటుంది, శబ్దం తనే రికార్డు చేస్తుంది, వంటింటి పక్క గదిలో కూర్చుని ఎడిటింగూ తనే చేసుకుంటుంది. ప్రభుత్వ సినిమా నిధి వాళ్ళు ఒక ఏడు ఆమెకిస్తారు, మరో ఏడు ఆమెకన్నా చిన్నవాళ్ళకిస్తారు. ఒక్కో సినిమాకు అయిదారేళ్ళు పడుతుంది. మొదటిది రైలు గేటు కాసే ఒక ముసలావిడ గురించి. రెండోది, ఒకే ఇంటికి నడుమ గోడ కట్టుకుని మాటలు మానేసిన అన్నదమ్ముల గురించి. దానికి జర్మనీలో బహుమతి వచ్చింది, వచ్చిన వారం పత్రికలో ఫొటో పడింది, ఆ తర్వాత మళ్ళీ మామూలే. టాలిస్ లెక్కలో అది వ్యాపారం కిందికే రాదు. పెట్టేది ఆయుష్షు, వచ్చేది చప్పట్లు. అయినా అతనెప్పుడూ వద్దనలేదు. ఇంట్లో ఒకరు లాభం చూసేవాళ్ళుంటే రెండోవాళ్ళు చూడకపోయినా సంసారం నడుస్తుందనుకున్నాడు.

ఎవరి గురించి తీస్తున్నారో ఆ మనిషిని ఆ పనిలో వాళ్ళు హీరో అంటారు. గేటు కాసే ముసలావిడా హీరోయే. ఆవిడ హీరోగా ఉన్నన్నాళ్ళూ టాలిస్ పొగబెట్టిన చేపలు పంపేవాడు. అన్నదమ్ములకు చెరో రొట్టె వేరువేరుగా పంపేవాడు. మూడో సినిమాకు ఏం తీయాలో తోచక విజ్మ ఏడాదంతా కిటికీలోంచి చూస్తూ కూర్చుంటే, జాలిపడి, ఒకసారి నా దడి వాణ్ణి చూడు అన్నాడు. ఆ మాట అన్న నోటిని తర్వాత ఎన్నిసార్లు తిట్టుకున్నాడో.

ఆమె పనిచేసే తీరే వేరు. కొత్త హీరో ఇంటికి వెళ్ళిన మొదటి నెలల్లో కెమెరా మూత కూడా తీయదు. ఒక మూల కూర్చుంటుంది. ఆ ఇంటివాళ్ళు ఆమెను స్టూలులాగో చీపురులాగో మరిచిపోయే దాకా కూర్చుని, అప్పుడు మూత తీస్తుంది. అడిగితే ఒకే ప్రశ్న అడుగుతుంది. జవాబు వచ్చాక కూడా కెమెరా ఆపదు, మాట్లాడదు. ఆ మౌనం భరించలేక మనిషి రెండోసారి నోరు తెరుస్తాడు, అసలు మాట అప్పుడు వస్తుందంటుంది. ఒకసారి జరిగిపోయినదాన్ని మళ్ళీ చేయమని ఎవరినీ అడగదు. మళ్ళీ చేస్తే అది నాటకమట.

ఉగిస్ భార్య పోయి చాలా కాలమైంది. అరవై దాటినవాడు, భుజాలు ఇంకా ఎద్దు భుజాలు, మాట తక్కువ. సరుకు తూచేటప్పుడు కాటా వైపు కూడా చూడడు. ఆ గుణం టాలిస్‌కు బాగా నచ్చేది. విజ్మకూ అదే నచ్చిందని తెలిసిన రోజు నుంచి నచ్చడం మానేసింది.

ఆ రోజు టాలిస్ టీ పట్టుకుని ఎడిటింగ్ గదిలోకి వెళ్ళాడు. తెర మీద ఉగిస్ మెడ. వాన తడికి అతుక్కుపోయిన వెంట్రుకలు, చెవి వెనక ఒక ముడత. బొమ్మ అలాగే నిలిచి ఉంది. విజ్మ కళ్ళజోడు నుదుటి మీదికి తోసుకుని, గడ్డం కింద చెయ్యి పెట్టుకుని చూస్తోంది. టాలిస్ వచ్చినట్టు ఆమెకు తెలియలేదు. ఆ చూపు ఏమిటో అతనికి తెలుసు. ఏ తప్పూ లేని చేప చేతికి దొరికినప్పుడు తనూ అలాగే చూస్తాడు. అమ్మాలని ఉండదు, ఇంకాసేపు చూడాలని ఉంటుంది. టీ బల్ల మీద పెట్టి బయటికి వచ్చి, వంటింట్లో నిలబడి లెక్క వేసుకున్నాడు. పెళ్ళయిన ఇన్నేళ్ళలో ఆ కెమెరా ఒక్కసారైనా తన వైపు తిరగలేదు. పెళ్ళి వీడియో కూడా విజ్మ అన్నయ్యే తీశాడు.

అప్పటి నుంచి ప్రతిదీ ఆ ఖాతాలోకే వెళ్ళేది. ఆమె స్వెట్టరుకు పడవలకు పూసే తారు వాసన. భోజనం దగ్గర ఉగిస్ మంచును ఏ పేరుతో పిలుస్తాడో చెప్పి తనలో తను నవ్వుకోవడం. చెప్పులకు ఏటి ఇసుక. ఒకసారి సంచీ మూతి కట్టమంటే ఆమె వేళ్ళు చటుక్కున కొత్త ముడి వేశాయి. ఎవరు నేర్పారని అతను అడగలేదు. ఆమె వేయుపికి వెళ్ళిన రోజుల్లో కొట్లో తూకాలు తప్పేవాడు. పక్క కొట్లో పుల్ల క్యాబేజీ అమ్మే మైగా ఇదంతా చూసేది. మార్కెట్లో అందరూ ఆవిడను అత్తా అనే పిలుస్తారు, ఆవిడ నోటికి అందరూ భయపడతారు.

"ఏంటబ్బాయ్, నీ సినిమా ఆవిడ ఇవాళ కూడా ఏటి ఒడ్డునేనా?" అనేది మైగా. "మా ఆయన బతికుండగా సారా కొట్టు చుట్టూ తిరిగేవాడు. ఏటి కన్నా అదే నయం, కనీసం సాయంత్రానికి మూసేసేవాళ్ళు."

సినిమా మొదలైన నాలుగో ఏడు నేగిల కాలం రాగానే టాలిస్ తనకు తెలిసిన ఒకే ఒక పద్ధతిలో దెబ్బ కొట్టాడు. ఉగిస్ దగ్గర కొనడం మానేశాడు. రీగాలో ఈసారి గిరాకీ లేదని ఫోనులో చెప్పాడు. ఉగిస్ సరే అని పెట్టేశాడు. ఎందుకని అడగలేదు, బతిమాలలేదు. బతిమాలి ఉంటే టాలిస్‌కు కాస్త చల్లబడేదేమో. దక్షిణాన ఇంకో ఏటి నుంచి వలలో నలిగిన సరుకు తెచ్చి అమ్మడం మొదలుపెట్టాడు. పాత గిరాకీలు చూసి ముఖం చిట్లించారు. నష్టమేనని అతనికి తెలుసు. తెలిసి భరించిన నష్టం జీవితంలో అదొక్కటే.

అతను వేసుకున్న లెక్క ఇది: కొనేవాడు లేక ఉగిస్ దడి ఎత్తేస్తాడు, దడి లేకపోతే సినిమా లేదు, సినిమా లేకపోతే విజ్మ ఇంటికి వస్తుంది.

విజ్మ ఇంటికి వచ్చిన మాట నిజమే. అయితే దీపం వెలిగించినట్టున్న ముఖంతో వచ్చింది. బూట్లయినా విప్పకుండా వంటింట్లో కూర్చుని, సినిమాకు ఇన్నాళ్ళూ లేని మలుపు ఇప్పుడు దొరికిందని చెప్పింది. ఉగిస్ పెట్టెలు మూలపడి ఉన్నాయట. అతను రోజూ ఎప్పటిలాగే బుట్టలు ఎత్తి, ఆ చేపల్ని మళ్ళీ ఏట్లోకే వదిలేస్తున్నాడట. పట్టడం, వదలడం, ఒక్క మాట లేదు. తను తీసిన వాటన్నిటిలో అంత మంచి దృశ్యం లేదంది.

"కొనడం మానేసింది నువ్వేగా" అంది తర్వాత. కోపం లేదు. మర్నాటి వాతావరణం చెప్పినట్టు అంది. "కాబట్టి సినిమాలో నువ్వూ ఉన్నావు టాలిస్. శుక్రవారం కొట్టుకు వస్తాను, కెమెరాతో."

శుక్రవారం తెల్లవారి టాలిస్ రెండుసార్లు గడ్డం గీసుకున్నాడు. కొత్త ఏప్రన్ కట్టాడు. గాజు వెనక చేపల్ని పరిమాణం ప్రకారం పేర్చాడు, నచ్చక మళ్ళీ పేర్చాడు. మైగా అదంతా చూసి, పెళ్ళికొడుకు తయారయ్యాడని చుట్టుపక్కల కొట్లకు వినపడేట్టు ప్రకటించింది.

విజ్మ వచ్చి స్టాండు నిలబెట్టింది. కెమెరాలోకి వంగింది. ఎందుకు మానేశావు అని మాత్రం అడిగింది.

ఆమె పద్ధతి అతనికి తెలుసు. జవాబు ఒక్క ముక్కలో చెప్పి నోరు మూసుకోవాలని ఇంటి దగ్గరే అనుకున్నాడు. గిరాకీ లేదన్నాడు. ఆమె ఏమీ అనలేదు. ఒక కన్ను మూసి ఉంది, రెండో కన్ను అద్దం వెనక ఉంది. ఆ కన్ను తన ముఖం మీద వెచ్చగా ఆనినట్టు అతనికి తెలిసింది. తన నుదురు, ముక్కు, పెదవి ఒక్కొక్కటీ ఆమె చూస్తోంది. ఇన్నేళ్ళలో మొదటిసారి. తను ఊరుకుంటే ఆమె ఆపేస్తుంది, ఆపితే ఆ కన్ను వెళ్ళిపోతుంది. అందుకని ఇంకో మాట చెప్పాడు.

"గిరాకీ సంగతి కాదు, సరుకే పాడైంది" అన్నాడు. "బురద వాసన. ఒకప్పటి ఉగిస్ కాడు, బుట్టలు కడగడం మానేశాడు. నా గిరాకీలు తిరిగి తెచ్చిచ్చారు."

కన్ను ఇంకా అక్కడే ఉంది. ఇంకా చెప్పాడు. చచ్చిన వాటిని బతికినవాటితో కలిపి పంపాడన్నాడు. ఒకావిడకు వాంతులయ్యాయని కూడా అన్నాడు. ఎక్కడెక్కడి నుంచో మాటలు చక్కగా వచ్చి వరసలో నిలబడ్డాయి. ముగించాక విజ్మ కెమెరా ఆపి, సామాను సర్దుకుని, సాయంత్రం బంగాళాదుంపలు తేవడం మరిచిపోవద్దని చెప్పి వెళ్ళిపోయింది.

ఆమె మార్కెట్టు తలుపు దాటేదాకా ఆగి మైగా ఇటు తిరిగింది. "ఇంతకాలం ఇదే సరుకు ఆహా ఓహో అని మాకు అంటగట్టావు కదరా. వాంతులు చేసుకున్నావిడ ఎవరు, నేనెరుగుదునా?"

టాలిస్ ఏదో పనున్నట్టు ఐసు పగలగొట్టాడు.

"అది సినిమా అబ్బాయ్" అంది మైగా గొంతు తగ్గించి. "నాతో అంటే నేను నలుగురికే చెబుతాను. అది థియేటర్లో వేస్తారు, తర్వాత టీవీలో వేస్తారు. ఈ దేశం ఎంతుంది? ఆ తర్వాత ఆ ముసలాడి చేప కుక్క కూడా ముట్టదు. నువ్వు కొనకపోతే ఇంకొకడు కొంటాడు. నువ్వు ఆ మాటన్నాక ఇంకెవడు కొంటాడు?"

అది టాలిస్‌కు తెలియని సంగతేం కాదు. ఈ వ్యాపారంలో అందరూ ఒకరి మీద ఒకరు ఏడుస్తారు, అందరూ ఒకరి గిరాకీ ఒకరు లాక్కుంటారు. కానీ వాసన అనే మాట మాత్రం ఎవరూ నోట రానివ్వరు. ఒకసారి అంటే అది కడిగినా పోదు. ఆ మాటతో కొట్టు మూసుకున్నవాళ్ళను అతను కళ్ళారా చూశాడు. ఉగిస్ నష్టపోవాలని కోరుకున్నాడు గానీ లేకుండా పోవాలని కోరుకోలేదు.

ఆ సాయంత్రం బంగాళాదుంపలు చెక్కుతూ, మార్కెట్లో తీసింది సరిగ్గా రాలేదేమో, మళ్ళీ తీయకూడదా అని మెల్లగా కదిపాడు. బాగానే వచ్చిందని విజ్మ అంది. పోనీ ఆ ముక్క తీసేయకూడదా అన్నాడు.

"తీసెయ్యాలంటే నాకో కారణం కావాలి" అంది. "నువ్వు చెప్పింది అబద్ధమా?"

అవునంటే చాలు. కానీ అవునంటే రెండో ప్రశ్న వస్తుంది, అసలు ఎందుకు మానేశావని. దానికి జవాబు ఈ వంటింట్లో, ఈమె ముందు, ఈ వయసులో చెప్పడమా? మనసులో మాట బయటికి చెప్పుకునే అలవాటు వాళ్ళ ఇళ్ళలో లేదు. సంతాపం చెప్పాలన్నా పువ్వులిచ్చి పక్కకు జరుగుతారు.

"నిజమే" అన్నాడు టాలిస్.

విజ్మ కాసేపు ఊరుకుంది. కెమెరా లేకపోయినా అదే మౌనం. కానీ ఈసారి అతను నోరు తెరవలేదు. ఆమె లేచి దుంపలు పొయ్యి మీద పెట్టింది.

నవంబరులో, లాత్వియా స్వాతంత్ర్య దినానికి ముందురోజు ఉగిస్ పేరు పండుగ. ఏడాదిలో ప్రతి రోజుకూ క్యాలెండరులో కొన్ని పేర్లుంటాయి. మన పేరున్న రోజు మన ఇంటికి ఎవరైనా రావచ్చు. పిలవడం ఉండదు. దగ్గరివాళ్ళమనుకున్నవాళ్ళు వస్తారు, ఇంటివాళ్ళు వండి తలుపు తెరిచి ఉంచుతారు. వచ్చినవాణ్ణి ఎందుకొచ్చావనడం ఎక్కడా లేదు. విజ్మ పొద్దున్నే కెమెరాతో బస్సెక్కింది. టాలిస్ కొట్లో నిలబడ్డాడు గానీ మధ్యాహ్నం దాకా ఒక్క చేపా సరిగ్గా కొయ్యలేదు. చివరికి మైగా అతని చేతిలోంచి కత్తి తీసుకుని, కొట్టు నేను చూస్తాలే, పేరు పండుగ నాడు దొంగ వచ్చినా కూర్చోబెట్టి కేకు పెట్టాలి, పో అని కసిరింది.

అతను చుట్ట తిరిగిన పెద్ద తీపి రొట్టె ఒకటి కొనుక్కుని, చేమంతులు కట్టించుకుని బయల్దేరాడు. దారి పొడవునా ఒకటే లెక్క. అక్కడ అందరి ముందూ చెబితే విజ్మ తీస్తుంది. అది కొత్తగా జరిగినదవుతుంది, మళ్ళీ చేయించినది కాదు. కొత్త నిజం ఉంటే పాత అబద్ధం ఆమెకు అక్కర్లేదు. ఇది వ్యాపారి మనసు చెప్పిన లెక్క. దాని అడుగున ఇంకోటి ఉంది. తను చెబుతున్నంతసేపూ కెమెరా మళ్ళీ తన వైపు ఉంటుంది.

ఉగిస్ ఇల్లు మనుషులతో ఉక్కగా ఉంది. ఇరుగుపొరుగు, పడవలవాళ్ళు, చర్చిలో వాయిద్యం వాయించే ఆవిడ, బల్ల నిండా ఉడికిన దుంపలు, ఉప్పుచేప, జున్ను. పొయ్యి పక్క మూలలో విజ్మ, ఒళ్ళో కెమెరా. ఆమెకు ఎవరూ ప్లేటు పెట్టలేదు. ఉన్నట్టు కూడా ఎవరికీ గుర్తులేదు. టాలిస్ గుమ్మంలోకి రాగానే మాటలు ఆగిపోయాయి. మార్కెట్టు మాట లారీవాళ్ళ ద్వారా ముందే చేరిందని ఆ ముఖాలు చూస్తేనే తెలిసింది.

ఉగిస్ లేచి పువ్వులు తీసుకున్నాడు. తన ఎదురుగా కుర్చీ ఖాళీ చేయించాడు. తర్వాత కాల్చిన నేగిల పళ్ళెం బల్ల మీదుగా తోశాడు.

"తిను, రీగా దొరా" అన్నాడు. "బురద వాసన వస్తే చెప్పు, కిటికీ తీయిస్తాను."

ఎవరో నవ్వబోయి మానుకున్నారు. టాలిస్ ఒక ముక్క తిన్నాడు. ఇంకోటి తిన్నాడు. నోట్లో వెన్నలా విడిపోతోంది. ఇన్ని వారాలుగా తను అమ్ముతున్న చెత్త గుర్తొచ్చింది. పొయ్యి మూల చిన్న చప్పుడైంది, కెమెరా ఆన్ చేసిన చప్పుడు. చేతులు తుడుచుకుని, ఆ మూల వైపు కాస్త తిరిగి కూర్చున్నాడు.

"వాసనా లేదు, ఏమీ లేదు" అన్నాడు. "నీ చేపకు వంక పెట్టేవాడు ఇంకా పుట్టలేదు. నేనన్నది అబద్ధం, వాంతుల సంగతీ అబద్ధమే. కొనడం ఎందుకు మానేశానంటే..." అని ఆగాడు. ఎవరూ సాయం రాలేదు. "మా ఆవిడ నిన్ను చూసే చూపు ఉంది చూశావా, నా వైపు ఒక్కసారి అలా చూసి ఉంటే నేనీ పాటికి ఇంకో మనిషినయ్యేవాణ్ణి. నాకు కడుపు మండింది ఉగిస్. అంతే."

చర్చి వాయిద్యం ఆవిడ ముందుగా తేరుకుని, మా ఆయనకు ఇలాంటి కడుపుమంట ఒక్కరోజైనా వచ్చుంటే బాగుండేదని అంది. బల్లంతా నవ్వింది. సారా పోశారు. ఉగిస్ గ్లాసెత్తి, సోమవారం వ్యాను పంపు అన్నాడు. టాలిస్ అప్పుడే మూల వైపు పూర్తిగా తిరిగాడు. విజ్మ కెమెరా ఇటు లేదు. మొదటి నుంచీ ఉగిస్ ముఖం మీదే ఉంది.

తిరిగి వస్తుంటే వ్యానులో, నగరం దీపాలు కనిపించాక టాలిస్ ఉండబట్టలేక అడిగాడు, ఆ ఒక్క నిమిషమైనా ఇటు తిప్పితే నీ సొమ్మేం పోయేదని.

"నువ్వేం చెబుతావో నాకు తెలుసు" అంది విజ్మ. "బంగాళాదుంపల రోజే తెలుసు. అతనేం చేస్తాడో తెలీదు. తెలియనిదాన్నే కదా తీసేది."

ఇది పొగడ్తో తిట్టో అతనికి తేలలేదు. ఏ వైపు నుంచి తూచినా ముల్లు నడుమనే నిలిచింది.

ఒక వారం గడిచాక ఆమె అతన్ని ఎడిటింగ్ గదిలోకి పిలిచింది. మార్కెట్టు ముక్క తీసేస్తున్నానని, తీసేసే ముందు చూస్తావా అని అడిగింది. చూశాడు. తెర మీద కొత్త ఏప్రన్ కట్టుకున్న మనిషి ఒకడు, కళ్ళు మెరుస్తుండగా, ఎంతో సంతోషంగా, అడ్డంగా అబద్ధాలాడుతున్నాడు. తను అంత అందంగా ఉంటాడని టాలిస్‌కు ఎన్నడూ తెలియదు. చెరిపేయడం ఆపమని నోటిదాకా వచ్చింది. ఆమె తీసిన తన బొమ్మ అదొక్కటే, ఇంకోటి ఉండబోదు. కానీ ఆపమంటే ఆ మాటలూ ఉండిపోతాయి. తీసెయ్ అన్నాడు. ఆమె మీట నొక్కింది.

తర్వాత పేరు పండుగ చూపించింది. తన గొంతు ఎక్కడో పక్క నుంచి వినిపిస్తోంది, తెర నిండా ఉగిస్ ముఖం. మా ఆవిడ నిన్ను చూసే చూపు, అని గొంతు అనగానే ఆ ముఖం మారింది. చెవులు ఎర్రబడ్డాయి. ఎవరో పేరు పెట్టి పిలిచినట్టు ముసలాడి చెయ్యి పైకి లేచి జుట్టు సర్దుకుంది. కళ్ళు తిరిగి, ఇన్నేళ్ళలో మొదటిసారి, తిన్నగా కెమెరాలోకి చూశాయి. కెమెరాలోకి కాదు, దాని వెనక ఉన్న మనిషిని. చూసి, సిగ్గుపడి, పళ్ళెంలోకి దిగిపోయాయి.

టాలిస్‌కు అప్పుడు అర్థమైంది. ఉగిస్‌కు ఈ సంగతి అప్పటిదాకా తెలియదు. ఆ మూల ఒక ఆడమనిషి కూర్చుని తనను చూస్తోందని అతనికి చెప్పింది తనే. నలుగురి ముందు, గొంతెత్తి, చేమంతులిచ్చి మరీ చెప్పాడు.

"సినిమా ఇక్కడితో అయిపోయింది" అంది విజ్మ. గొంతులో సంతోషమూ ఉంది, ఇంకేదో కూడా ఉంది. "హీరో కెమెరా వైపు చూశాక ఇంక అతను మనల్ని మరిచిపోలేడు. ఇక అక్కడికి వెళ్ళను."

కోరుకున్నది దొరికింది. భార్య ఇంటిపట్టున ఉంది, మంచి సరుకు మళ్ళీ కొట్లోకి వస్తోంది, పాత గిరాకీలు తిరిగొచ్చారు. ఎటు చూసినా లాభమే. అయినా దడి ఉన్నన్నాళ్ళూ టాలిస్ సరుకు కోసం మనిషిని పంపకుండా వేయుపికి తనే వెళ్ళాడు. తను చూడని రోజున ఏం జరుగుతుందోనన్న అనుమానం ఇంకా చావలేదు.

దడి పీకే రోజున వెళ్ళేసరికి ఏటి అంచుల్లో మంచు పలకలు పేరుకుంటున్నాయి. పడవలవాళ్ళు కర్రలు ఒక్కొక్కటే లాగి ఒడ్డున వేస్తున్నారు. అందరూ నూనె మరకల కోట్లలో ఉన్నారు. ఉగిస్ ఒక్కడు ఇస్త్రీ చొక్కా వేసుకుని, తడి జుట్టు నున్నగా దువ్వుకుని, మోకాలి లోతు నీళ్ళలో నిలబడి ఉన్నాడు. టాలిస్ వ్యాను దిగగానే అతను తలెత్తింది టాలిస్ కోసం కాదు. రెండో తలుపు తెరుచుకుంటుందేమోనని చూశాడు. తెరుచుకోలేదు. మళ్ళీ కర్ర పట్టుకున్నాడు.

టాలిస్‌కు ముందు ఒళ్ళు మండింది. నా భార్య కోసం ఇస్త్రీ చొక్కానా అనుకున్నాడు. తర్వాత, ఆ మార్కెట్టు శుక్రవారం తను పేర్చి, చెరిపి, మళ్ళీ పేర్చిన చేపలు గుర్తొచ్చాయి. పెట్టెలు ఎక్కించుకుంటూ, కావాలని ఆలస్యం చేస్తూ, ఆమెకు వేరే పనులున్నాయని, ఇంక రాదని చెప్పాడు.

"నేనడగలేదుగా" అన్నాడు ఉగిస్.

"అడగలేదు."

ఉగిస్ నీళ్ళలోంచి వచ్చి చివరి పెట్టె తనే ఎత్తి వ్యానులో పెట్టాడు. తాడు ముడి వేశాడు, విజ్మ ఆ రోజు సంచీకి వేసిన అదే ముడి. టాలిస్ స్టీరింగు దగ్గర కూర్చున్నాడు, తాళం తిప్పాడు, మళ్ళీ ఆపాడు. కిటికీ దించాడు.

"మార్చిలో సినిమా మొదటి ఆట" అన్నాడు. "హీరోవి నువ్వు, రాకపోతే బాగోదు. ముందు వరసలో కూర్చోబెడతారు. ఒక పక్క నేనుంటాను, ఆమె నడుమ, రెండో పక్క నువ్వు."

ఉగిస్ తడి చేత్తో చొక్కా కాలరు సర్దుకున్నాడు.

ఊరి పొలిమేర దాటీ దాటకముందే టాలిస్ తనను తను తిట్టుకోవడం మొదలుపెట్టాడు. కుర్చీలు మార్చేయవచ్చు, టికెట్టు అందలేదనవచ్చు, తేదీ తప్పు చెప్పవచ్చు. రీగా చేరేదాకా ఒక్కొక్క ఉపాయమే తీసి చూశాడు, అన్నీ పనికొచ్చేవే. కొట్టు ముందు వ్యాను ఆపి, పెట్టెలు దించుతూ, ముందు వరసలో ఉగిస్ పేరు కూడా రాయమని విజ్మకు ఫోను చేశాడు.